ముందువాడి వీపు

గంగులు నిద్రలో కూడా వల లాగుతాడు. ఈ సంగతి పేటలో పాలు తాగే పిల్లలకి కూడా తెలుసు. కన్ను మూతపడిందంటే చాలు, చేతులు రెండూ గాలిలోకి లేస్తాయి, మడమలు మంచంపట్టెకి తన్నుకుంటాయి, చేతికేది దొరికితే దాన్ని లాగడం మొదలవుతుంది. చాలావరకు దొరికేది పెళ్ళాం గున్నమ్మ చీరకొంగు. పెళ్ళయిన కొత్తలో ఆవిడ సిగ్గుపడింది, తరవాత కొన్నేళ్ళు తిట్టింది, ఇప్పుడు కొంగు ఆయన చేతికిచ్చేసి, "నాక్కో నాయినా, తెల్లారేసరికి ఒడ్డుకి సేరుస్తావు గావాల" అని అటు తిరిగి పడుకుంటుంది. ఆ పేటవాళ్ళ నోట మాట మొదట్లోని ‘ల’ ‘న’ అయిపోతుంది: లాక్కో నాక్కో అవుతుంది, లేదు నేదవుతుంది. ఒకసారి కొంగు దొరక్క మేక పలుపు దొరికిందనీ, తెల్లారి కళ్ళు తెరిస్తే మేక ఆయన గుండెల మీద ముందుకాళ్ళు పెట్టి నిలబడి ఉందనీ, ఏళ్ళుగా ఆయనతో వల లాగిన అసిరయ్య చెబుతాడు. అసిరయ్య చెప్పేదాంట్లో సగం తీసెయ్యాలి. తీసేసినా, మిగిలిన సగంలో మేక ఉంటుంది.

నిద్రలోనే అలా ఉంటే మెలకువగా లాగే రోజుల్లో ఎలా ఉండేదో! పెద్ద తుపాను వెళ్ళిపోయిన మర్నాడు వేసిన వల ఎంతకీ కదలక, మిగతావాళ్ళంతా విసిగి గంజి తాగడానికి కూర్చుంటే, గంగులు ఒక్కడే మోకు వదలకుండా ఓ పట్టు పట్టాడట. ఆ పట్టుకి వలతోపాటు సముద్రం కూడా కొంత ఇవతలికి జరిగి వచ్చిందట. నమ్మనివాళ్ళని ఒడ్డుకి తీసుకెళ్ళి, అలల్లో మునిగి తేలుతున్న పాత సిమెంటు దిమ్మ చూపిస్తారు. "ఇది మా సిన్నప్పుడు ఇసకలో ఉండీది. ఇప్పుడు నీల్లల్లో ఉన్నాది. మరి సంద్రం తనంతట తానే నడిసొచ్చినాదేటి?" అంటారు.

ఒడ్డునుంచి లాగే పెద్దవల సంగతి తెలియనివాళ్ళకి ఒక మాట చెప్పాలి. పడవ వెళ్ళి వలని సముద్రంలో నెలవంకలా దింపి వస్తుంది. దాని రెండు మోకులూ ఒడ్డున రెండు గుంపుల చేతికొస్తాయి. ప్రతివాడి నడుముకీ ఒక పట్టా, దానికో పొట్టితాడు, తాడు కొసని ఓ కొయ్యముక్క. ఆ కొయ్యముక్కని మోకుకి మెలిక వేసి తగిలించాడంటే ఇంక మనిషీ మోకూ ఒకటే. సముద్రంవైపు మొహం పెట్టి, వెనక్కి వాలి, వెనక్కే నడవడం. వరసలో చివరివాడు ఇసకదిబ్బ చేరగానే మెలిక విప్పుకుని నీళ్ళ దగ్గరికి దిగి, అందరికంటే ముందు మళ్ళీ తగిలించుకుంటాడు. పూటంతా అలా తిరుగుతూనే ఉంటారు. సముద్రం ఎదురుగానే ఉన్నా కళ్ళకి కనబడేది మాత్రం ముందువాడి వీపు. అందుకే ఆ పేటవాళ్ళు ఒకరినొకరు మొహం కంటే వీపు చూసి బాగా పోల్చుకుంటారు. సంతలో వెనకనుంచి తడబడకుండా కేకేస్తారు. ఎదురుపడితే మాత్రం ఒక్క క్షణం ఆలోచిస్తారు.

నిరుటి వానలనుంచి గంగులు ఆ వరసలో లేడు. వలకి పెద్ద ధనరాజు. గున్నమ్మకి సొంత తమ్ముడు. అతనే బావగారిని తీసుకెళ్ళి దిబ్బ మీద, మోకు చుట్టలు చుట్టే చోట కూర్చోబెట్టాడు. అది ముసలివాళ్ళ చోటు.

"ఏరా, నా కాల్లిరిగిపోనాయా?" అన్నాడు గంగులు ఆ రోజు.

"కాల్లు కాదు బావా. నీ ఎనకాల నిలబడ్డోడికి తెలుస్తాది. నీ వీపు నాకు తెలుసు, నీకు తెల్దు."

"నా వీపు నాకు తెల్దట! ఒలే గున్నమ్మా, ఇన్నావా నీ తమ్ముడి మాట?"

"ఇనీదేటి, నాను రోజూ సూస్తన్నాను గదా" అంది గున్నమ్మ, చేపల గంప నెత్తికెత్తుకుంటూ.

అప్పటినుంచి గంగులు మోకు చుడుతూనే ఉన్నాడు. తడిసిన మోకు ఒళ్ళోకి వచ్చి పడుతుంటే పాముని చుడుతున్నంత అసహ్యంగా చుట్టేవాడు. ఇప్పుడు కొత్త వల తయారయింది. పేట ఆచారం ఏమిటంటే, కొత్త వలకి గంగమ్మ దగ్గర దణ్ణం పెట్టి మొదటిసారి నీళ్ళలో దింపిన రోజున ఎవరు నడుముపట్టా కడితే, ఆ వల చిరిగి మూలబడేదాకా వాళ్ళే వరస. ఆ రోజు కట్టనివాడు ఇంక కట్టడు. అదే గంగులు గుండెల్లో ముల్లు. ఈ వల ముసలిదయ్యేదాకా తాను బతికుంటాడా? ఉండడు. అంటే ఆ రోజు బయట కూర్చున్నాడంటే ఎప్పటికీ బయటే.

సరిగ్గా ఆ దినాల్లో సుహాసిని వచ్చింది.

రాజాంలో బియ్యం వ్యాపారం చేసే ఇంటి పిల్ల. ఎక్కడో దూరాన సినిమా చదువు చదువుకుంది. కెమెరా, మూడు కాళ్ళ స్టాండు పట్టుకుని తుపాను షెల్టరులో దిగింది. సినిమా తీస్తారంటే పేట పేటంతా తల దువ్వుకుంది.

"ఈరో ఎవులమ్మా?" అన్నాడు అసిరయ్య.

"హీరో లేడు తాతా."

"పోనీ ఈరోయినీ?"

"లేదు."

"పాటలు? పైటింగులు?"

"మాటలే లేవు తాతా. మనిషి ఒళ్ళు ఎలా కదులుతుందో అదే సినిమా. నడక, వంగడం, లాగడం, మొయ్యడం. మనిషి ఎవరో అతని కదలికే చెబుతుంది కదా, నేను అదే తీస్తాను. మొహాలు కనబడవు."

"మొగం నేని సినేమా! అయితే నాను పనికొస్తాను. నా మొగం సూసే గదా నాకు ఎవులూ పిల్లనివ్వనేదు. ఈపు సూపించి ఉంటే ఎప్పుడో అయిపోను పెల్లి" అన్నాడు అసిరయ్య. 

గున్నమ్మకి మాత్రం ఆ పిల్లని చూస్తే జాలేసింది. "ఎందుకు బొట్టీ ఈ ఎండలో ఈ తిరుగుడు? ఇంట్లో అన్నం నేకనా?"

సుహాసిని నవ్వి, ఇసకలో కాళ్ళు చాపుకుంది. "మా నాయనమ్మ, ఆడపిల్ల నడిస్తే అడుగు చప్పుడు వినబడకూడదనేది అమ్మా. షాపుకి వచ్చేపోయే మగవాళ్ళుంటారని. ఇప్పుడు ఏ ఊరెళ్ళినా, ఎవరూ లేకపోయినా, పిల్లిలా నడుస్తాను. ఈ నడక నాదో ఆవిడదో తెలీదు. అందరి కదలికలూ తీస్తే నాదేదో తెలుస్తుందేమోనని."

"ఓలమ్మ! దానికి ఇంత కెమేరా ఎందుకే? నెత్తి మీద సేపల గంప ఎట్టుకో, ఎవుల నడక ఆలకి తెలిసొస్తాది" అంది గున్నమ్మ. అన్నా, ఆ పూట ఆ పిల్లకి అన్నం పెట్టకుండా పంపలేదు.

అన్నం తింటున్న పిల్ల ఎదురుగా గంగులు వచ్చి కూర్చున్నాడు. ఆయన బుర్రలో అప్పటికే ఒక లెక్క కుదిరిపోయింది. ఈ సినిమా పేటలో అందరూ చూస్తారు. ధనరాజు కూడా చూస్తాడు. నా వీపు నాకు తెలీదన్నాడు కదా, తెర మీద తాటిచెట్టంత చూపిస్తే ఏమంటాడు? కొత్త వల దింపే ముందు రోజే బొమ్మ వేయించాలి. 

"నన్ను తియ్యమ్మా. వల నాగడంలో నన్ను మించినోడు ఈ ఒడ్డున నేడు. సంద్రాన్నే నాగినాను, అడుగు ఎవులినైనా."

"తీస్తాను తాతా. అయితే వల వద్దు, మోకు వద్దు. ఉందనుకుని లాగండి. ఒళ్ళు ఒక్కటే కనబడాలి."

మర్నాడు పొద్దున్న గంగులు పట్టా కట్టుకుని ఖాళీ ఇసకలో నిలబడ్డాడు. చూడ్డానికి అరపేట వచ్చింది. సముద్రంవైపు చూసి, ఊపిరి బిగించి, మడమలు దిగేసి, ఒక్కసారి వెనక్కి వాలాడు. వాలినవాడు వాలినట్టే వెల్లకిలా పడ్డాడు.

"ఓలబ్బో! ఈసారి ఆకాశాన్ని నాగేసినాడ్రా!" అన్నాడు అసిరయ్య.

లేచాడు. ఇసక దులుపుకున్నాడు. మళ్ళీ వాలాడు. మళ్ళీ పడ్డాడు. బుద్ధి ఎరిగినప్పటినుంచీ అవతల బరువు ఉంటుందన్న నమ్మకంతో వాలిన ఒళ్ళు. ఇవాళ అవతల ఏమీ లేదంటే అది వినదు. నిలబడి ఉండడమంటే ఏమిటో దానికి వల లేకుండా తెలీదు. గంగులుకి ఒళ్ళు మండిపోయింది. నవ్వేవాళ్ళ మీద కాదు, తన నడుం మీద.

"ఇలా కాదు" అంది సుహాసిని. కెమెరాని స్టాండు మీద వదిలేసి, ఒక మోకుముక్క కొస పట్టుకుని మోకాలి లోతు నీళ్ళలోకి దిగింది. "నేనే వలననుకోండి. లాగండి."

లాగాడు. రాజాం బియ్యం తిన్న పిల్ల కదా, కదిలింది గాని తేలిగ్గా కదల్లేదు. ఆవిడని పొడి ఇసకలోకి తెచ్చేసరికి గంగులు నోరు తెరుచుకుని ఊపిరి పీలుస్తున్నాడు. ఆవిడ అది చూసింది. "ఇప్పుడు మీరు నీళ్ళలో నిలబడండి, నేను లాగుతాను" అంది.

పట్టా ఆవిడ కట్టుకుంది. గంగులు కొస పట్టుకుని నీళ్ళలో నిలబడ్డాడు. మొదట్లో ఆ పిల్ల చేతులతోనే లాగింది, ఏమీ కదల్లేదు. తరవాత పళ్ళు బిగించి వెనక్కి వాలింది. మడమలు ఇసకలో దిగబడ్డాయి. గొంతులోంచి ఓ మూలుగు వచ్చింది. అడుగు తీసి వేస్తే ధబ్బున చప్పుడయింది. మళ్ళీ ధబ్బు. 

"ఇప్పుడినబడతన్నాది బొట్టీ నీ అడుగు! రాజాంలో మీ నాయనమ్మకి ఇనబడిపోద్ది!" అని గున్నమ్మ గట్టునుంచి కేకేసింది. ఆ పిల్ల నవ్వుతూ, ఏడుస్తూ, చెమటలు కారుస్తూ లాగుతూనే ఉంది.

గంగులు ఆ కేక వినలేదు. ఆయనకి వేరే సంగతి జరుగుతోంది. పుట్టి ఇన్నేళ్ళయింది, తాను లాగడమే గాని తనని లాగినవాళ్ళు లేరు. నీళ్ళు నడుం కిందనుంచి పైకెత్తుతున్నాయి. మోకు మెల్లగా పిలుస్తోంది. చెయ్యాల్సిన పనేమీ లేదు. కాళ్ళు వాటంతటవే తేలిపోయాయి. ఎంత హాయిగా ఉందంటే, మరుక్షణం ఆయనకి సిగ్గేసింది. గబుక్కున కాళ్ళు నేలకి ఆనించి నిలబడి, "సాల్సాలు, నానేటి సచ్చిన సేపనా!" అని కసిరాడు.

ఆ రోజునుంచి పంతం పట్టాడు. తెల్లవారుతుండగా ఎవరూ లేని ఒడ్డుకి వెళ్ళి, మోకు లేకుండా వాలడం, పడడం, లేవడం. పడగా పడగా ఒళ్ళు ఏదో దారి కనిపెట్టింది. తన బరువే తాను లాక్కుంటూ వెనక్కి నడవడం వచ్చింది. 

"నేను దూరాన్నుంచి తీస్తూ ఉంటాను తాతా. ఎప్పుడు తీస్తానో చెప్పను, నావైపు చూడకూడదు. ఫర్వాలేదా?" అని సుహాసిని ముందే అడిగింది. 

"ఎప్పుడైనా తీసుకో. ఎప్పుడు తీసినా తాటిసెట్టంత ఉంటాను" అన్నాడు.

కొత్త వల దింపే ముందు రోజు సాయంత్రం, దీపాలు పెట్టే వేళకి షెల్టరు ముందు బొమ్మ వేశారు. తెర కోసం సుహాసిని పొందూరు పంచెలు రెండు కలిపి కుట్టించింది. "ఇంత సన్నబట్టైతే ఎనకాల కూకున్నోలకీ అగుపడతాది. టిక్కెట్టు రెండేపులా కొట్టు బొట్టీ" అన్నాడు అసిరయ్య. గంగులు ఉతికిన చొక్కా వేసుకుని ముందు వరసలో, ధనరాజు పక్కనే కావాలని కూర్చున్నాడు.

సినిమాలో నిజంగానే మాటలు లేవు. సముద్రం హోరు కూడా లేదు. అది పక్కనే అసలుది ఉంది కదా. తెల్లవారని బూడిద వెలుగులో నల్లటి నీడల్లాంటి ఒళ్ళు. వంగే నడుములు, ఇసకలో దిగే మడమలు, గంప కింద ఊగే మెడలు. ఒక్క మొహం లేదు. పట్నంవాళ్ళయితే తికమకపడేవారేమో గాని, పేటకి ఇది పండగయిపోయింది. 

"అసిరయ్య!" అని అందరికంటే ముందు గంగులే అరిచాడు. "ఆ గూనికి సాచ్చికం కావాలేటి?"

"ఒరే ధనరాజూ, నువ్వే! ఎడమ బుజం దిగిపోనాది, సూసుకో."

"అది మా గున్నమ్మ. నెత్తి మీద గంప నేకపోయినా ఉన్నట్టే నడుస్తాది."

పోల్చుకోవడంలో ఆయన్ని ఎవరూ అందుకోలేకపోయారు. ఒక్క వీపు తప్పిపోలేదు. మధ్యమధ్యలో సుహాసిని వైపు తిరిగి, "నాది ఎప్పుడొస్తాదమ్మా?" అని అడుగుతున్నాడు.

తరవాత తెర మీద ఖాళీ ఒడ్డు వచ్చింది. చాలా దూరాన, వెనకనుంచి, ఒక మనిషి. మోకు లేదు, వల లేదు. ఏమీ లేనిదాన్ని లాగుతున్నాడు. వెనక్కి రెండడుగులు వేస్తాడు, ఆగుతాడు. నడుం మీద చెయ్యి పెట్టుకుంటాడు. వీపు అంతా ఒక పక్కకి ఒరిగిపోయి ఉంది, మీద ఎవరో కూర్చుని దిగనన్నట్టు. మళ్ళీ అడుగు. మళ్ళీ ఆగడం. నీళ్ళ దగ్గరికి దిగడానికి నడుస్తాడు. ఆ నడకలో మోకాళ్ళు ఒకదాన్ని ఒకటి సాయం అడుక్కుంటున్నట్టున్నాయి. మళ్ళీ వెనక్కి వాలతాడు.

జనం కేకలు ఆగిపోయాయి. గంగులు ఒక్కడే కళ్ళు చికిలించుకుని చూస్తున్నాడు.

"ఎవుల్రా ఈ ముసిలోడు? మన పేటోడు కాడు గావాల. నానెరగని ఈపు నేదు ఇక్కడ."

అసిరయ్య తన కాలివేళ్ళు చూసుకుంటున్నాడు. ఆయన నోరు మూతపడడం పేటలో అదే మొదటిసారి.

"అబ్బా, ఎంత అలిసిపోనాడ్రా! పడిపోతాడు. ఒరే, ఎవులైనా ఎల్లి ఆ ముసిలోడ్ని కూకోబెట్టండ్రా" అన్నాడు గంగులు. ఆ మాటలో నిజంగా జాలి ఉంది.

తెర మీది మనిషి నడుముతాడు అందుకున్నాడు, లేని మోకుకి కొయ్యముక్క తగిలించడానికి. ఎడమచేత్తో మెలిక వేశాడు.

ఎప్పుడో కుర్రతనంలో మోకు బిగిసి గంగులు కుడిచేతి చూపుడువేలు సగం పోయింది. అప్పటినుంచి ఈ ఒడ్డున ఎడమచేత్తో మెలిక వేసేవాడు ఒక్కడే ఉన్నాడు.

గంగులు తన ఎడమచెయ్యి ఒళ్ళోంచి తీసి చూసుకున్నాడు. తెర వైపు చూశాడు. మళ్ళీ చెయ్యి చూసుకున్నాడు. గున్నమ్మ వెనకనుంచి జరిగి వచ్చి పక్కన కూర్చుంది. కొంగు అంచు ఆయన మోకాలి మీద పడింది. బొమ్మ అయిపోయేదాకా ఆయన ఆ మనిషిని చూస్తూనే ఉన్నాడు. 

జనం లేచి వెళ్ళిపోతుంటే సుహాసిని దగ్గరికొచ్చింది. "తాతా, అది తీసెయ్యమంటే తీసేస్తాను."

"ఎందుకమ్మా? దొంగతనం సేసినాడేటి ఆడు? ఉండనీ" అన్నాడు గంగులు. 

ధనరాజు కూడా వెళ్ళలేదు. తల గోక్కుని, "బావా, రేపు రా. నడుంపట్టా తెచ్చుకో. నా ఎనకే నిలబడు. నీ వొంతు నాగుడు కూడా నానే నాగుతాను, నువ్వు ఊరికే తగిలించుకో, సాలు" అన్నాడు. 

గంగులు కోరుకున్న మాట అదే. వినడానికే కదా ఇన్నాళ్ళు ఇసకలో పడి లేచింది. "సరే, సూద్దాం" అని ఇంటికి నడిచాడు. నడుస్తూ, వెనక ఎవరైనా ఉన్నారేమోనని ఒకసారి తిరిగి చూశాడు.

పొద్దున్నే గంగమ్మకి పసుపునీళ్ళు చల్లి, కొబ్బరికాయ కొట్టి, కొత్త వల పడవలోకి ఎక్కించారు. గంగులు పట్టా భుజాన వేసుకుని వచ్చాడు. పడవ వలని దింపి వచ్చాక వరస కట్టారు. ధనరాజు వెనక ఒక మనిషి పట్టేంత జాగా వదిలారు. కొత్త మోకు ఇంకా నీళ్ళు తాగలేదు, తెల్లగా బిగుసుకుని ఉంది. అందరూ ఒక్కసారి వెనక్కి వాలారు.

గంగులు ఆ జాగా వైపు చూశాడు. దాని ముందూ వెనకా ఉన్న వీపులు చూశాడు. ధనరాజుకి ఎడమ భుజం, అసిరయ్యకి గూని, కుర్రాళ్ళకి ఇంకా ఏమీ రాయని పలకల్లాంటి వీపులు. ఆ మధ్యలో రాత్రి చూసిన ముసలాణ్ణి నిలబెట్టి చూసుకున్నాడు. తరవాత దిబ్బ ఎక్కి, పట్టాని మడిచి కింద వేసుకుని, దాని మీద కూర్చున్నాడు. మోకు కొస ఒళ్ళోకి వచ్చింది. చుట్టడం మొదలుపెట్టాడు. ధనరాజు ఒకసారి తిరిగి చూసి, ఏమనుకున్నాడో, ఒక అడుగు వెనక్కి జరిగి ఆ జాగా పూడ్చేశాడు.

వల సగం దూరం వచ్చేసరికి గున్నమ్మ ఖాళీ గంపతో దిగింది. మొగుడి పక్కన గంప బోర్లించి కూర్చుంది. ఆవిడ కళ్ళు ఎర్రగా ఉన్నాయి. 

"రాత్రి నిద్దర పట్టనేదు" అంది.

"ఏం?"

"కొంగు నీ సేతిలోనే ఎట్టినాను. ఒక్కసారీ నాగనేదు. బతికున్నావా నేదా అని రెండుసార్లు ముక్కుకాడ ఏలెట్టి సూసినాను." 

గంగులు మోకు ఒక చుట్ట వేసి, రెండో చుట్ట వేశాడు. "నాగడానికేటున్నాది? నా వల ఒడ్డుకొచ్చేసినాది."

"వచ్చినాదా! సేపలేటైనా పడ్డాయా మరి, ఇన్నేల్లు నాగినావు?"

"ఒకటే పడ్డాది. ముసిలి సేప" అన్నాడు గంగులు. "ఒదిలేసినాను."